గొంతు ఒకరిది, ఒళ్ళు ఇంకొకరిది

రాజు మంచం పట్టి ఉంటాడు, మానని గాయం ఆయనకి, కానీ ఆ గాయం ఆయన ఒంటి మీద ఉండదు. ఒక దిండు మీద పెట్టి పక్కకి మోసుకొస్తారు దాన్ని. ఎర్రగా, తడిగా, నిలువునా చీలిన మాంసం ముక్క, దాంట్లోనుంచి నెత్తురు కారతా ఉంటది, రాజేమో దాని పక్కన నొప్పితో అల్లాడతా పాడతా ఉంటాడు. ఆ పాడేది కూడా ఆయన కాదు, గొంతు వేరే ఆయనది. మనిషి ఒకచోట, నొప్పి ఇంకోచోట, పాట మరోచోట. 1982లో హాన్స్ యుర్గెన్ సైబర్‌బెర్గ్ అనే జర్మన్ డైరెక్టర్ తీసిన పార్సిఫాల్ సినిమా ఇది. ఒపేరా అంటే పాటలతో కథ నడిపే యూరప్ సంగీత నాటకం, ఆ ఒపేరాల్ని తీసిన సినిమాల పిచ్చి నాకు పట్టింది ఇక్కడే, అందుకని ముందు దీని సంగతి చెప్పి మిగతావాటికి వస్తా.

పార్సిఫాల్ జర్మన్ సంగీతకారుడు వాగ్నర్ ఆఖరి ఒపేరా. 1882లో జర్మనీలోని బైరాయిత్‌లో, ఆయన తన ఒపేరాల కోసమే కట్టించుకున్న థియేటర్లో మొదటిసారి ఆడింది, మరుసటి ఏడు ఆయన పోయాడు. ఇది ఆ ఊళ్ళో తప్ప ఇంకెక్కడా ఆడకూడదని ఆయన పట్టు. సరిగ్గా నూరేళ్ళకి సైబర్‌బెర్గ్ దాన్ని స్టూడియోలోకి లాక్కొచ్చాడు, సినిమా నాలుగు గంటల పైనే ఉంటది. సెట్ ఏంది అంటే వాగ్నర్ చనిపోయాక ముఖం మీద నుంచి తీసిన అచ్చు, డెత్ మాస్క్ అంటారే, దాన్ని కొండంత చేసి పడుకోబెట్టారు, ఆ ముక్కు పక్కన, ఆ కంటి గుంటల్లో, ఆ పగుళ్ళ మధ్యలో పాత్రలు తిరగతా ఉంటాయి. అంటే కథ మొత్తం రాసినాయన చచ్చిన మొహం మీదే నడుస్తది.

గాయపడ్డ రాజు అంఫోర్టాస్‌గా తెర మీద కనపడేది ఆర్మిన్ జోర్డాన్, ఆయన యాక్టర్ కాదు, ఈ ఒపేరాకి ఆర్కెస్ట్రా నడిపించిన కండక్టర్. కుండ్రీ అనే ఆడమనిషిగా ఎడిత్ క్లెవర్ నటిస్తే పాడింది ఇవోన్ మింటన్. పెద్ద పాత్రల్లో రాబర్ట్ లాయిడ్, ఆగె హౌగ్‌లాండ్ ఇద్దరే తమ గొంతుతో తామే కనపడతారు. ఇంక అసలు విషయం పార్సిఫాల్. ఏమీ తెలియని పిల్లోడు వాడు, రెండో అంకంలో కుండ్రీ వాడికి ముద్దు పెడతది, ఆ ముద్దుతో వాడికి లోకంలో నొప్పి అంటే ఏందో తెలిసిపోద్ది. అక్కడిదాకా ఒక కుర్రాడు చేసిన పాత్రని ఆ ముద్దు తర్వాత ఒక అమ్మాయి చేస్తది. గొంతు మాత్రం మారదు, రైనర్ గోల్డ్‌బెర్గ్ అనే టెనర్, గట్టి మగ గొంతు. పల్చటి మొహం ఉన్న ఆ అమ్మాయి నోరు తెరిస్తే ఆ గొంతు బయటికొస్తది. మొదటిసారి వెన్నులో జలదరించింది నాకు, రెండోసారి చూసినప్పుడు మాత్రం ఇంతకంటే సరైన పద్ధతి లేదనిపించింది, ఎందుకంటే తెలివొచ్చాక మనిషి పాత మనిషిగా ఉండడు, కానీ వాడు వాడే కదా, ఆ రెండూ ఒకే షాట్లో పెట్టాలంటే ఇంకెట్టా పెడతాం చెప్పండి.

ఇదంతా యూరప్ వాళ్ళకి పెద్ద ప్రయోగం అయ్యుండొచ్చు గానీ మనకి గొంతు వేరు ఒళ్ళు వేరు అనేది పుట్టినప్పటి నుంచి అలవాటే. అప్పటి నెల్లూరు జిల్లాలో 1946లో పుట్టిన బాలు గారు ఎంతమంది హీరోలకి గొంతు ఇచ్చారో లెక్కపెట్టడం ఎవరివల్లా కాదు. పాటలొక్కటేనా, కమల్ హాసన్‌కి తెలుగులో డబ్బింగ్ ఆయనే, గాంధీ సినిమా తెలుగులో వచ్చినప్పుడు బెన్ కింగ్‌స్లేకి మాట కూడా ఆయనదే. వాళ్ళ నాన్న సాంబమూర్తి గారు హరికథ చెప్పేవాళ్ళు. హరికథలో ఒక్క మనిషే నిలబడి రాముడూ తనే, రావణుడూ తనే, ఏడ్చే సీతా తనే, మధ్యలో జనంతో కబుర్లు చెప్పేదీ తనే. ఆ ఇంట్లో నుంచి వచ్చినాయన ఒక గొంతుని అన్ని మొహాలకి పంచాడు. నాకు బాలు గారి పాట విన్నప్పుడల్లా ఆ హరికథ వెనకాల ఉన్నట్టే ఉంటది.

అయితే మన సినిమా ఆ అతుకు కనపడకుండా చూసుకుంటది, అదే దాని గొప్ప. ఏఎన్నార్‌కి పాడితే ఒక రకంగా, ఎన్టీఆర్‌కి పాడితే ఇంకో రకంగా పాడి నమ్మించారు ఘంటసాల గారు, నమ్మాం, ఇప్పటికీ నమ్ముతాం. సైబర్‌బెర్గ్ ఆ అతుకుని దాచకుండా వెలుగులో పెట్టాడు. నేను చూసిన ఒపేరా సినిమాల్లో మనసుకి పట్టినవన్నీ ఏదో ఒక దారిలో ఆ పని చేసినవే, దాచడానికి చూసినవి ఎంత అందంగా ఉన్నా గుర్తుండలేదు. ఇంత రాయడం ఈ ఒక్క మాట కోసమే.

ఒపేరా అంటే కొరుకుడుపడదు అనుకునే మనవాళ్ళకి నేను చెప్పేది ఒకటే, మీరు తిరునాళ్ళలో పద్యనాటకం చూసుంటే మీకు ఒపేరా వచ్చినట్టే. రాయబారం సీన్ గుర్తు తెచ్చుకోండి. మాటల్లో కథ గబగబా నడుస్తా ఉంటది, ఇంతలో కృష్ణుడు వేషం ఆయన రెండడుగులు ముందుకొచ్చి మైకు దగ్గర నిలబడతాడు, హార్మోనియం ఆయన తల పైకెత్తి చూసి శృతి అందిస్తాడు, పక్కనున్న ధృతరాష్ట్రుడు, కర్ణుడు, అశ్వత్థామ అందరూ బొమ్మల్లాగా ఆగిపోతారు. అక్కడ కథ కూడా ఆగిపోద్ది. పద్యం చివరి అక్షరం పట్టుకుని ఆయన రాగం తీస్తా పోతాడు, పైకి పోయి, అక్కడ తిరిగి, కిందకి దిగినట్టే దిగి మళ్ళీ పైకి, వెనకాల నుంచి ఎవరో వన్స్ మోర్ అని అరుస్తారు, అప్పటికే చెమటకి రంగు కారిపోతున్నా ఆయన మళ్ళీ మొదలుపెడతాడు. ఒపేరాలో ఆరియా అనేది ఇదే. మాటలతో కథ నడిపే భాగం ఒకటి, కథ ఆపేసి గుండెలో ఉన్నది బయటపెట్టే పాట ఒకటి. పీసపాటి, షణ్ముఖి ఆంజనేయరాజు కృష్ణుడు కట్టినప్పుడు జనం కథ కోసం పొయ్యారా? కథ పిల్లోళ్ళకి కూడా తెలుసు. ఆ రాగం కోసం పొయ్యారు.

మరి సినిమాకి కథ ఆగితే కుదరదు. అందుకే ఘంటసాల గారు సినిమాలో పద్యాన్ని నాటకం పద్యంలాగా పాడలేదు, రాగం కత్తిరించి భావం మీద బరువు వేశారు, అది పెద్ద తెలివైన పని. కానీ దాంతో స్టేజి మీద ఆగిపోయే ఆ నిమిషం సినిమాలోకి రాలేదు. యూరప్‌లో ఒపేరాని మామూలుగా సినిమా తీసినవాళ్ళకీ ఇదే చిక్కు. జెఫిరెల్లీ 1982లో తీసిన లా ట్రావియాటా ఉంది, షాండిలియర్లు, పట్టు గౌన్లు, కన్నుల పండగ అంటే నమ్మండి. తెరెసా స్ట్రాటాస్, ప్లాసిడో డొమింగో ఇద్దరూ గొప్పోళ్ళు, సొంత గొంతులే. కానీ ముందు రికార్డ్ చేసుకున్న పాటకి తర్వాత పెదాలు కలిపితే క్లోజప్‌లో దొరికిపోద్ది. పై స్వరం అందుకునేటప్పుడు నిజంగా పాడే మనిషి మెడ నరాలు ఉబ్బుతాయి, దవడ వణుకుతుంది, డొక్కలు లోపలికి పోతాయి. పెదాలు మాత్రమే కలిపే మనిషి మొహం హాయిగా ఉంటది. చెవికి తుఫాను, కంటికి పిల్లగాలి. ఎంతమంచి కెమెరామన్ అయినా దాన్ని కప్పలేడు.

దీనికి పూర్తిగా ఎదురు దారిలో పొయ్యింది ఝా-మారీ స్ట్రౌబ్, డానియెల్ వియే అనే దంపతులు. షోన్‌బెర్గ్ అనే సంగీతకారుడు రాసిన ఒపేరా మోసెస్ ఉండ్ ఆరోన్‌ని 1975లో సినిమా చేశారు. ఇటలీలో ఆల్బా ఫుచెన్స్ అనే చోట రోమన్ల కాలం నాటి గుండ్రటి రాతి రంగస్థలం ఉంది, అక్కడ, ఎండలో, ఆరుబయట తీశారు. ఆర్కెస్ట్రా ఒక్కటి ముందే రికార్డ్ చేసుకున్నారు, గొంతులన్నీ అక్కడికక్కడే, నిలబడిన చోటే, పాడతా ఉండగానే పట్టుకున్నారు. కాబట్టి ఆ గొంతులో ఎండ ఉంటది, గాలి ఉంటది, రాయికి కొట్టుకుని తిరిగొచ్చే ధ్వని ఉంటది. కథ కూడా గొంతు గురించే, మోషేకి దేవుడి సంగతి తెలుసు గానీ చెప్పే నోరు లేదు, అన్న ఆరోన్‌కి నోరుంది. షోన్‌బెర్గ్ ఏం చేశాడంటే మోషేకి పాట ఇవ్వలేదు, పాటకీ మాటకీ మధ్యలో ఉండే ఒక రకం పలుకు ఇచ్చాడు, ఆరోన్‌కి తీయటి టెనర్ పాట ఇచ్చాడు. సినిమా మొదలవడమే మోషే తల వెనక వైపు చూపిస్తా మొదలవుద్ది, ఆ షాటు అట్టా సాగతానే ఉంటది, మొహం కోసం మనం ఎదురుచూస్తా ఉంటాం. మూడో అంకానికి షోన్‌బెర్గ్ మాటలు రాసి సంగీతం కట్టకుండానే 1951లో పోయాడు, వీళ్ళు ఆ అంకాన్ని సంగీతం లేకుండా మాటలతోనే తీసిపెట్టారు. కష్టమైన సినిమా, నిద్రొస్తే తప్పేం లేదు, కానీ ఆరుబయట రాత్రంతా నాటకం చూసిన మనిషికి ఆ గొంతుల్లో గాలి శబ్దం తెలిసిన చుట్టంలాగా ఉంటది.

బెర్గ్‌మన్ అనే స్వీడన్ డైరెక్టర్ తీసిన మ్యాజిక్ ఫ్లూట్ మాత్రం ఎవరైనా చూడొచ్చు, పిల్లలతో సహా. 1975 జనవరి 1న స్వీడన్ టీవీలో వేశారు, మోజార్ట్ ఒపేరా, పాటలన్నీ స్వీడిష్‌లో పెట్టి. డ్రోట్నింగ్‌హోమ్ అని అక్కడ 18వ శతాబ్దం థియేటర్ ఒకటి చెక్కుచెదరకుండా ఉంది, సినిమా సామాను తట్టుకోలేదని ఆ స్టేజిని స్టూడియోలో అచ్చం అట్టానే కట్టించాడు. ఓవర్చర్, అంటే మొదట్లో వాయించే సంగీతం, మోగినంతసేపు తెర మీద ప్రేక్షకుల మొహాలే, ముసలోళ్ళు, నడివయసు వాళ్ళు, రకరకాల రంగులోళ్ళు, మధ్య మధ్యలో ఒక చిన్నపాప మొహం. ఇంటర్వెల్‌లో స్టేజి వెనక్కి తీసుకుపోతాడు, రాత్రి రాణి వేషం ఆవిడ కిరీటంతోనే కూర్చుని సిగరెట్ కాలుస్తా ఉంటది. మన దగ్గర నాటకం పరదా వెనక్కి దూరి చూసిన ప్రతి పిల్లోడూ చూసిన దృశ్యమే కదా ఇది, రంగు పూసుకున్న దుర్యోధనుడు గద పక్కన పెట్టి టీ తాగతా బీడీ కాల్చడం! దాంతో భ్రమ పోద్దా అంటే పోదు, ఆయన మళ్ళీ పరదా ముందుకి రాగానే భయపడతాం. బెర్గ్‌మన్‌కి ఆ సంగతి బాగా తెలుసు.

1987లో డాన్ బాయిడ్ అనే ప్రొడ్యూసర్ పదిమంది డైరెక్టర్లకి తలా ఒక ఒపేరా ముక్క ఇచ్చి మీ ఇష్టం వచ్చినట్టు తీయండి అన్నాడు, దాని పేరు ఆరియా. అన్నీ బాగుండవు, కొన్ని ఆ కాలం మ్యూజిక్ వీడియోల లెక్కన ఉంటాయి, వాటిని వదిలేస్తా. ఇంట్లో అందరితో కూర్చుని చూసేది కాదు, అది ముందే చెప్తున్నా. ఫ్రెంచ్ డైరెక్టర్ గొడార్డ్ భాగం లూలీ 1686లో రాసిన ఆర్మీడ్ అనే ఒపేరాలోది. నిద్రపోతున్న శత్రువు మీద కత్తెత్తిన మంత్రగత్తె చంపలేక ఆగిపోవడం అందులో పెద్ద ఘట్టం. గొడార్డ్ దాన్ని జిమ్‌లోకి తెచ్చాడు, కండలు పెంచేవాళ్ళు ఇనుము ఎత్తుకుంటా ఉంటే అక్కడ ఊడ్చి తుడిచే ఇద్దరు అమ్మాయిలు వాళ్ళ చుట్టూ తిరగతారు, కత్తి కూడా ఎత్తుతారు, వాళ్ళు కన్నెత్తి చూడరు. పాట మధ్యలో తెగిపోద్ది, మళ్ళీ వస్తది. కెన్ రస్సెల్ భాగంలో ఒకమ్మాయి ఒంటికి కెంపులు, వజ్రాలు పొదగతా ఉంటారు, ఏదో దేవతకి అలంకారం అనుకుంటాం, తర్వాత తెలుస్తది అది కారు ప్రమాదం, ఆపరేషన్ బల్ల, ఆ కెంపులు గాయాలు. పాటేమో పుచ్చీనీ అనే ఇటలీ సంగీతకారుడి నెస్సున్ డోర్మా.

డెరెక్ జార్మన్ ముక్క కొన్ని నిమిషాలే. ఒక ముసలావిడ స్టేజి మీద నిలబడి చివరి నమస్కారాలు పెడుతుంటది, పైనుంచి పూలరేకులు రాలతా ఉంటాయి, మధ్యలో చిన్న సూపర్ 8 కెమెరాతో తీసిన పాత ప్రేమ రోజులు, ఆ కుర్రది టిల్డా స్వింటన్. పాట లియోంటిన్ ప్రైస్ గొంతు, షార్పాంటియే రాసిన లూయీస్ అనే ఒపేరా నుంచి. ముసలావిడ పెదాలు కలపదు. కలిపే అవసరమే లేకుండా చేశాడు, ఆ గొంతు ఆవిడ గడిచిన బతుకంతా అయిపోయింది. ఇంకొకటి, ఈ భాగాలన్నిటినీ కలిపే దారం లాంటి కథ ఉంది, అందులో జాన్ హర్ట్ ఖాళీ థియేటర్‌కి వచ్చి, మొహానికి రంగు పూసుకుని, పాల్యాచీ అనే ఒపేరాలో జోకరు పాట పాడతాడు. పాడేది ఇటలీ టెనర్ కరూసో. 1921లో చనిపోయిన మనిషి గొంతు, గరగరలాడే పాత రికార్డు, 1987లో బతికున్న ఒక నటుడి పెదాల మీద. ఎవరినీ నమ్మించాలని కాదు అది, ఆ గరగర తీసెయ్యలేదు కూడా. మా తాతకి చెందిన పద్యాల గ్రామఫోన్ ప్లేట్లు ఒకప్పుడు ఇంట్లో ఉండేవి, వాటికి ఎవరైనా ఇట్టా ఒక మొహం ఇవ్వాలని నాకు కోరిక.

ఇంక కార్మెన్. దీని దగ్గర కొంచెం ఎక్కువసేపు కూర్చుంటా, ఎందుకంటే ఇది మా జిల్లా కథ.

బిజే అనే ఫ్రెంచ్ సంగీతకారుడు రాసిన కార్మెన్ ఒపేరా 1875 మార్చి 3న పారిస్‌లో మొదటిసారి ఆడింది, జనానికి పెద్దగా ఎక్కలేదు, మూడు నెలలకే, జూన్ 3న, ఆయన 36 ఏళ్ళకే పోయాడు. కథ స్పెయిన్ దేశం సెవిల్‌లో పొగాకు ఫ్యాక్టరీ ముందు మొదలవుద్ది. గంట కొడతారు, ఆడాళ్ళు గుంపుగా బయటికొచ్చి పొగ తాగతా పొగ గురించే పాడతారు, కుర్రోళ్ళు వాళ్ళ కోసం కాపు కాసి ఉంటారు. లోపల ఆడాళ్ళ మధ్య కొట్లాట, కార్మెన్ ఇంకొకామె మొహం మీద కత్తితో గీస్తది, సిపాయి డాన్ హోసే పట్టుకుంటాడు, అక్కడి నుంచి వాడి పతనం. సెవిల్‌లో ఆ ఫ్యాక్టరీ నిజంగా ఉండేది, వేలమంది ఆడాళ్ళు పనిచేసేవాళ్ళు, ఇప్పుడు ఆ కట్టడం యూనివర్సిటీ. ఒంగోలు, టంగుటూరు, కందుకూరు, పొదిలి చుట్టుపక్కల పుట్టినవాళ్ళకి ఈ సీన్ గురించి ఎవరూ అర్థం చెప్పక్కర్లేదు. సీజన్లో పొద్దున్నే క్యారియర్లు పట్టుకుని పొగాకు ఏరి రకాలు వేసే గ్రేడింగ్‌కి పొయ్యే ఆడాళ్ళ గుంపులు, సాయంత్రం ఒళ్ళంతా ఆకు ఘాటుతో తిరిగొచ్చే ఆటోలు, ఆ వాసన నేను చిన్నప్పుడు అమ్మ చీరలో పీల్చిందే.

అందుకే యు-కార్మెన్ ఎ-కయెలిత్షా చూసి ఉండబట్టలేకపోయా. 2005లో బెర్లిన్‌లో సినిమా పండగలో మొదటి బహుమతి గోల్డెన్ బేర్ గెలిచిన సినిమా, డైరెక్టర్ మార్క్ డోర్న్‌ఫర్డ్-మే. కేప్‌టౌన్ పక్కన కయెలిత్షా అనే నల్లవాళ్ళ బస్తీలో తీశారు, సంగీతం బిజేదే, మాటలు మాత్రం అక్కడి కోసా భాషలోకి మార్చారు. కార్మెన్‌గా చేసి పాడిన పాలిన్ మలెఫానేకి ఆ మార్చడంలో కూడా చెయ్యి ఉంది. కోసాలో నాలుకతో టక్కుమని కొట్టే అక్షరాలు ఉంటాయి, ఆ శబ్దం బిజే ట్యూన్ మధ్యలో పడతా ఉంటే ఆ ట్యూన్‌కి అదొక తాళం అయిపోద్ది. రేకుల షెడ్లు, ఇసుక రోడ్లు, సిగరెట్ ఫ్యాక్టరీ. పాలిన్ మలెఫానే సినిమా కార్మెన్‌లాగా సన్నగా ఉండదు, పనిచేసే ఆడమనిషి ఒళ్ళు, పనిచేసే ఆడమనిషి నడక, గొంతేమో ఆకాశం.

ఇది అమ్మకి చూపించా. పెళ్ళికి ముందు నుంచి మోకాళ్ళు సహకరించినంత కాలం గ్రేడింగ్ చేసిన మనిషి ఆవిడ, ఒపేరా గిపేరా ఏం తెలీదు. ఫ్యాక్టరీ సీన్ వచ్చిందాకా ఊరికే చూసింది, అప్పుడు అంది.

"అట్టా తలకాయ పైకెత్తి నోరు తెరిచి పాడితే ఆకు దుమ్ముకి దగ్గొస్తది రా నాయనా."

"మరి మీరు పాడేవాళ్ళు కాదా మా?"

"ఎందుకు పాడం, పాడకపోతే పొద్దు పోద్దా. తల వంచుకునే పాడేది. చూపు ఆకు మీద ఉండాలి గదా. ఎవరు పాడతన్నారో మేస్త్రికి కూడా తెలిసేది కాదు."

సినిమా ఆపి మళ్ళీ మళ్ళీ అడిగి చెప్పించుకున్నా. వరసలుగా నేల మీద కూర్చుంటారు, ముందర ఆకు కుప్ప. ఒక్కో ఆకు తీసి, విప్పి, రంగు చూసి వెయ్యాలి, నిమ్మపండు రంగు ఆకు ఒక పక్క, మాడినది ఒక పక్క, పచ్చ విరగనిది ఒక పక్క. ముక్కుకీ నోటికీ అడ్డంగా కొంగు కట్టుకుని ఉంటారు. ఒకామె ఎత్తుకుంటది, మిగతావాళ్ళు అందుకుంటారు, చేతులు ఆగవు, తల ఎత్తరు, మూతికి కొంగు. గొంతు షెడ్డంతా ఉంటది, ఎవరి నోట్లోనుంచి వస్తుందో కనపడదు. సైబర్‌బెర్గ్ అంత కష్టపడి స్టూడియోలో చేసింది మా టంగుటూరు షెడ్డులో రోజూ జరిగేదన్నమాట.

కార్మెన్‌ని ఇంకా చాలామంది తిప్పారు. 1983 ఒక్క ఏడాదిలోనే కార్లోస్ సౌరా దాన్ని స్పెయిన్ వాళ్ళ ఫ్లమెంకో డాన్స్ రిహార్సల్‌గా తీశాడు, అందులో పాకో డి లూసియా గిటార్ మీద బిజే ట్యూన్‌ని బులేరియా అనే ఫ్లమెంకో తాళంలోకి మార్చేది చూస్తే సంగీతం తెలిసినవాళ్ళకి పండగ. అదే ఏడు గొడార్డ్ తీసిన కార్మెన్‌లో బిజేని పక్కనపెట్టి బీథోవెన్ క్వార్టెట్లు వాడాడు, ఆ ఒపేరాలో పేరున్న హబనేరా పాట ట్యూన్‌ని ఎవరో పోతా పోతా ఈల వేస్తారు అంతే. సెనెగల్ నుంచి 2001లో వచ్చిన కార్మెన్ గేయిలో కూడా బిజే లేడు, సబార్ డప్పులు, డేవిడ్ ముర్రే జాజ్. ట్యూన్ లేకపోయినా కార్మెన్ కార్మెనే అని వీళ్ళు చూపించారు. అసలు హబనేరా కూడా బిజే సొంతం కాదు, జానపదం అనుకుని తీసుకున్నాడు, అది ఇరాదియెర్ అనే స్పెయిన్ ఆయన రాసిన పాట అని తర్వాత తేలింది. కాబట్టి కోసాలో పాడినా, రేపు తెలుగులో పాడినా చెడిపోయేదేం లేదు.

ఒకామె పేరు చెప్పకుండా వదిలితే నాకు నిద్ర పట్టదు, లొట్టే రైనిగర్ అనే జర్మన్ ఆవిడ. నల్ల కాగితం కత్తెరతో కత్తిరించి, కీళ్ళకి తీగ బిగించి, గాజు బల్ల మీద పరిచి, కింద నుంచి వెలుతురు పెట్టి, కొంచెం కొంచెం కదిలిస్తా ఒక్కో ఫ్రేమ్ తీసేది. 1933లో కార్మెన్, 1935లో మోజార్ట్ పక్షులోడు పాపగెనోని తీసింది, ఒక్కోటి పది నిమిషాలు అటూ ఇటూ. తోలుబొమ్మలాట చూసిన మనకి ఇది మన ఇంటి విద్యే. తేడా ఏందంటే ఆమె బొమ్మలు నల్లగా ఉంటాయి, మన బొమ్మలు మేక తోలుతో చేసి, రంగులద్ది, దీపం వెనక పెడితే రంగులతోనే వెలుగుతాయి, మనిషెత్తు ఉంటాయి. అక్కడా పాడేది తెర వెనకే, ఒక మనిషి చేతుల్లో బొమ్మ, కాలి కింద టపటపలాడే చెక్క, నోట్లో పద్యం. బొమ్మకి పెదాలు కదలవు, ఆ సంగతి ఎవరూ అడగరు, చెయ్యి ఆడితే చాలు ఆ గొంతు దానిదే. ఈ తోలుబొమ్మల్ని మన జిల్లాల్లో ఆడించేవాళ్ళు ఇప్పుడు చాలా తక్కువమంది మిగిలారు. రాయబారం పద్యాలు మొత్తం తోలుబొమ్మలతో, ఫ్రేమ్ ఫ్రేమ్ తీసి, పాత రికార్డుల గొంతులు పెట్టి ఎవరైనా చేస్తే చూడాలని ఉంది.

ఇప్పుడు మనవాళ్ళు పద్యనాటకాన్ని బాగానే రికార్డ్ చేస్తున్నారు, నెల్లూరు టౌన్‌హాల్లో ఆడినా, తిరునాళ్ళలో ఆడినా ఫోన్లు లేస్తాయి, మూడు కెమెరాలు పెట్టి యూట్యూబ్‌లో ఎక్కిస్తారు. మంచిదే, అది దాచిపెట్టడం, అదీ కావాలి. కానీ దాన్ని సినిమాగా మళ్ళీ ఊహించినవాళ్ళు నాకు కనపడలేదు. మన టాకీ పుట్టిందే సురభి వాళ్ళ భక్త ప్రహ్లాద నాటకంలో నుంచి, వాళ్ళ నటులతోనే. బాపట్లలో పుట్టిన స్థానం నరసింహారావు గారు మగాడై ఉండి సత్యభామ వేషంలో పాడి జనాన్ని మురిపించినవాడు, పార్సిఫాల్‌లో ఆ అమ్మాయి గొంతు చూసి ఆశ్చర్యపోవడానికి మనమెవరం? సామాను అంతా మన ఇంట్లోనే ఉంది.

నాకైతే సినిమా కళ్ళ ముందే ఉంది. టంగుటూరు దగ్గర షెడ్డు, వేలం సీజన్, కార్మెన్ గ్రేడింగ్‌కి వచ్చే మనిషి, హోసే గేటు దగ్గర వాచ్‌మన్. మొదటి పాటంతా తల వంచుకున్న ఆడాళ్ళు, మూతులకి కొంగులు, పాట ఎవరిదో తెలియకూడదు. కొట్లాట అయ్యాక, వాచ్‌మన్ చెయ్యి పట్టుకున్నాక అప్పుడు కార్మెన్ కొంగు తీసి తల ఎత్తాలి, అప్పుడే ఆ గొంతు ఆమెదని మనకి తెలియాలి. పాడేవాళ్ళని నాటకాల నుంచే తేవాలి, పై స్థాయిలో రాగం నిలబెట్టగల ఆడవాళ్ళు ఒంగోలు, చీరాల వైపు ఇప్పటికీ ఉన్నారు, పద్యాలు మన ఛందస్సులోనే రాయించాలి, కందమో సీసమో, బిజే ట్యూన్ వెంట పడక్కర్లేదు. హార్మోనియం ఒక్కటి ముందు రికార్డ్ చేసుకుందాం. గొంతులు మాత్రం స్టూడియోలో వద్దు, ఆ షెడ్డులోనే పట్టాలి, ఫ్యాన్ల మోత, ఆకు గలగల, బయట లారీ హారన్, ఒకామె దగ్గు, అన్నీ దాంతోనే రావాలి.